'బాయ్స్' తమిళులది, వారసత్వం మనది

'బాయ్స్' పేరెత్తితే మన మస్కట్ తెలుగువాళ్లలో ఇప్పటికీ రెండు జట్లు తయారవుతాయి. 2003లో సినిమా విడుదలైనప్పుడు కాలేజీలో ఉన్నవాళ్లు ముసిముసిగా నవ్వుతారు. అప్పటికే పిల్లల తండ్రులైనవాళ్లు మొహం చిట్లిస్తారు. నేను రెండో జట్టువాణ్ణి (వయసు మాత్రం అడక్కండి!). అయినా పనిగట్టుకుని ఈ సినిమా గురించి రాయాలనిపించింది. ఇరవై ఏళ్లు దాటాక వెనక్కి తిరిగి చూస్తే ఒక తమాషా కనబడుతోంది. ఈ సినిమా పుట్టింది చెన్నైలో, తిట్లు తిన్నది తమిళనాడులో, కాని అది సంపాదించిన ఆస్తి చాలావరకు వచ్చి చేరింది మన తెలుగు సినిమాలో. పద్దెనిమిదేళ్ల కొడుక్కీ తండ్రికీ మధ్య మాటలు ఎందుకు ఆగిపోతాయి అని అది వేసిన ప్రశ్నకి జవాబు వెతికింది కూడా తెలుగు సినిమాయే. గల్ఫ్‌లో పిల్లల్ని పెంచుతున్న మనకి ఆ ప్రశ్న మరీ దగ్గరది. ఎందుకో కాస్త ఆగి చెబుతాను.

ముందు, చూడనివాళ్ల కోసం కథ. మున్నా, బాబు, జుజు, కృష్ణ, కుమార్ అని అయిదుగురు కుర్రాళ్లు. ప్లస్ టూ దాటిన వయసు. పుస్తకాల మీద కన్నా అమ్మాయిల మీద ధ్యాస ఎక్కువ. వాళ్లకి హారిణి పరిచయమవుతుంది. మున్నా ఆమెని ప్రేమిస్తాడు, ప్రేమని రుజువు చేసుకోవడానికి చెన్నై మౌంట్ రోడ్డు మీద ఒంటిమీద నూలుపోగు లేకుండా పరిగెడతాడు. తర్వాత పెద్దవాళ్లకి తెలియకుండా పెళ్లి, ఇళ్లలోంచి బయటికి రావడం. స్నేహితుడి కోసం మిగతా నలుగురూ ఇళ్లు వదిలేస్తారు. ఆకలి, అద్దె బాధలు, చిన్నాచితకా పనులు, అందరూ కలిసి పాటల బృందం పెట్టుకోవడం... మధ్యలో నక్సలైట్ల వ్యవహారంలో ఇరుక్కోవడం కూడా ఉంది. అయిదుగురిలో ఒకడు చచ్చిపోతాడు. అంటే మొదటి సగం అల్లరి, రెండో సగం ఆ అల్లరికి కట్టిన బిల్లు అన్నమాట.

దర్శకుడు శంకర్. అప్పటికి ఆయన 'జెంటిల్‌మన్', 'ప్రేమికుడు', 'భారతీయుడు', 'ఒకే ఒక్కడు' తీసి దేశాన్ని బాగుచేసే హీరోలకి పేటెంటు తీసుకున్న మనిషి. అలాంటివాడు పెద్ద హీరోల్ని పక్కనపెట్టి కొత్త మొహాలతో కుర్రకారు కథ తీశాడు. సంగీతం రెహమాన్, కెమెరా రవి కె. చంద్రన్. నిర్మాత మాత్రం మనవాడే. విజయశాంతితో 'కర్తవ్యం' తీసిన ఎ.ఎం. రత్నం. కుర్రాళ్ల సినిమా కదా అని ఖర్చు తగ్గించలేదు. వరసగా కెమెరాలు పేర్చి, మనిషి గాల్లో ఆగిపోయినట్టు, దృశ్యం అతని చుట్టూ తిరిగినట్టు పాటలు తీశారు. అప్పట్లో సీడీ ఆపి మళ్లీ మళ్లీ వెనక్కి తిప్పి చూసిన ఇంజనీర్లు మన రువీలోనే చాలామంది ఉన్నారు.

ఇంజనీర్లంటే గుర్తొచ్చింది. తమిళంలో ఈ సినిమాకి మాటలు రాసింది సుజాత అనే కలంపేరున్న రచయిత రంగరాజన్. ఆయన బెంగుళూరు భారత్ ఎలక్ట్రానిక్స్‌లో ఇంజనీరు. మన ఎలక్ట్రానిక్ ఓటింగ్ యంత్రం తయారీలో ఆయన పాలు ఉంది. 1935లో పుట్టినవాడు, అంటే 'బాయ్స్' నాటికి అరవై ఎనిమిదేళ్లు. ఆ వయసులో పద్దెనిమిదేళ్ల కుర్రాళ్లు గదిలో తలుపేసుకుని ఏం మాట్లాడుకుంటారో రాశాడు. తమిళనాడులో గొడవకి అసలు కారణం కూడా అదే. మహిళా సంఘాలు మండిపడ్డాయి, పత్రికలు దులిపేశాయి. బొమ్మల కన్నా మాటలే ఎక్కువ కోపం తెప్పించాయని నా అభిప్రాయం. కుర్రాళ్లు అలా మాట్లాడుకుంటారని తెలియనివాళ్లెవరు? కాని తెలియడం వేరు, పక్కన అమ్మని కూర్చోబెట్టుకుని హాల్లో వినడం వేరు.

మరి మన తెలుగువాళ్లు అంత గింజుకోలేదెందుకు? డబ్బింగు సినిమా అనే దూరం ఒకటి. అంతకన్నా పెద్ద కారణం, మనకి ఆ చలిజ్వరం మూడేళ్ల ముందే వచ్చి తగ్గింది. 2000లో తేజ తీసిన 'చిత్రం' గుర్తుందా? ఉదయ్ కిరణ్, రీమాసేన్. కాలేజీలో చదువుకునే పిల్లలు తల్లిదండ్రులవుతారు, బిడ్డని ఎత్తుకుని చదువు కొనసాగిస్తారు. అదీ కథ. ఆ తర్వాత 'నువ్వు నేను', 'జయం' వచ్చాయి. 2002లో తమిళంలో ధనుష్ మొదటి సినిమా 'తుళ్లువదో ఇళమై' వస్తే, మరుసటి ఏడాదే అల్లరి నరేష్‌తో తెలుగులో 'జూనియర్స్'గా తీశారు. అంటే టీనేజి కథలకి మన హాళ్లలో అప్పటికే సీట్లు వేసి ఉన్నాయి. 'బాయ్స్' వచ్చి కూర్చుంది.

ఈ ఇచ్చిపుచ్చుకోవడం నిన్నమొన్నటిది కూడా కాదు లెండి. 1964లో శ్రీధర్ తీసిన 'కాదలిక్క నేరమిల్లై' మర్నాడే అన్నట్టు, 1965లో నాగేశ్వరరావు గారి 'ప్రేమించి చూడు' అయింది. కుర్రవాళ్ల సరదాకి సరిహద్దు రాయి ఎప్పుడూ లేదు.

ఇక అసలు వారసత్వం సంగతి. ముందుగా మనుషులు.

సిద్ధార్థ్‌కి నటుడిగా ఇదే మొదటి పెద్ద వేషం. అంతకుముందు మణిరత్నం దగ్గర 'అమృత'కి సహాయ దర్శకుడు. 'బాయ్స్' తర్వాత తమిళంలో నిలదొక్కుకోవాలి న్యాయంగా. కాని 2005 సంక్రాంతికి ప్రభుదేవా దర్శకత్వంలో 'నువ్వొస్తానంటే నేనొద్దంటానా' వచ్చింది, మరుసటి ఏడాది 'బొమ్మరిల్లు' వచ్చింది, అంతే! అబ్బాయి మనింటివాడైపోయాడు. తెలుగు నేర్చుకుని సొంత గొంతుతో మాట్లాడాడు, 'బొమ్మరిల్లు'లో ఒక పాట కూడా పాడాడు. ఆ మొదటి సినిమా కథ మనలాంటి వాళ్లకి ఇంకొంచెం తగులుతుంది. లండన్‌లో పెరిగిన కుర్రాడు, పిల్లనివ్వాలంటే పొలం దున్ని పంట పండించి చూపించాలని ఆ పిల్ల అన్నగారి షరతు. విదేశంలో పెరిగిన మన పిల్లాడు మట్టి పిసకగలడా అన్న ఊళ్లోవాళ్ల అనుమానమే కథకి ఇరుసు.

జెనీలియా హిందీలో ఒక సినిమా చేసి 'బాయ్స్'కి వచ్చింది. అదే ఏడాది చివర 'సత్యం'లో సుమంత్ పక్కన కనబడింది. ఆ తర్వాత హాసిని. మన ఇళ్లలో ఆ పేరు పెట్టుకున్న ఆడపిల్లలు ఎంతమంది ఉన్నారో లెక్క నా దగ్గర లేదు గాని, మన సంక్రాంతి సంబరాల్లో 'హాసినీ' అని పిలిస్తే ఇద్దరు ముగ్గురు వెనక్కి తిరుగుతారు.

అయిదుగురిలో కృష్ణ, డ్రమ్ములు వాయించే బొద్దు కుర్రాడు, తమన్. ఆ అబ్బాయి మొదటినుంచీ తెలుగువాడేనని అప్పట్లో మనలో చాలామందికి తెలియదు. 'సీతారామ జననం', 'బాలరాజు' తీసిన ఘంటసాల బలరామయ్య గారి మనవడు. (గాయకుడు ఘంటసాల గారితో తికమక పడకండి. ఆయన వేరు, ఈయన వేరు.) నాన్నగారు కూడా డ్రమ్మరే. సినిమాలో వేషం వేశాడు గాని తమన్‌కి నటన మీద ధ్యాస లేదు, మళ్లీ వాయిద్యాల దగ్గరికే పోయాడు. 2009లో 'కిక్'తో తెలుగులో సంగీత దర్శకుడుగా నిలబడ్డాడు. 'అల వైకుంఠపురములో' పాటలకి జాతీయ అవార్డు ప్రకటించింది 2022లో. 2025 సంక్రాంతికి శంకర్ తన మొదటి నేరు తెలుగు సినిమా 'గేమ్ ఛేంజర్' తీసుకొచ్చినప్పుడు సంగీతం ఎవరిదో చూడండి: తమన్‌ది. సినిమా ఆడకపోవడం వేరే కథ. ఇరవై రెండేళ్ల కిందట తెరమీద డ్రమ్ము వాయించడానికి పిలిచిన కుర్రాణ్ణి, అదే దర్శకుడు రెహమాన్ కూర్చున్న కుర్చీలో కూర్చోబెట్టడం మాత్రం చిన్న సంగతి కాదు.

మిగతావాళ్లలో భరత్ తమిళంలోనే పేరు తెచ్చుకున్నాడు. 2004లో శంకర్ నిర్మించిన 'కాదల్' మనకి 'ప్రేమిస్తే' పేరుతో వచ్చి ఏడిపించింది. నకుల్ కూడా తర్వాత హీరో అయ్యాడు.

మనుషుల లెక్క తేలింది. ఇప్పుడు ప్రశ్న సంగతి.

'బాయ్స్'లో కుర్రాళ్లు నిజం, తల్లిదండ్రులు మాత్రం బొమ్మలు. ఇది ఆ సినిమాలో పెద్ద లోపం అని నేను ఎప్పటినుంచో అంటున్నాను. అమ్మా నాన్నా తెరమీదికి వచ్చేది అరవడానికి, కొట్టడానికి, గెంటేయడానికి. వాళ్లకి భయం ఎందుకు, ఆ కోపం వెనక ఏముంది అని సినిమా అడగదు. పద్దెనిమిదేళ్ల కళ్లతో చూస్తే ఇల్లు అలాగే కనబడుతుంది, నిజమే. కాని సినిమా తీసినవాళ్లకి పద్దెనిమిదేళ్లు కావు కదా!

ఆ లోపాన్ని మొదట సరిదిద్దింది మళ్లీ రత్నమే. 2004లో ఆయన నిర్మించిన, సెల్వరాఘవన్ తీసిన '7/జి బృందావన్ కాలనీ'. హీరో రత్నం గారబ్బాయి రవికృష్ణ. మళ్లీ పనీపాటా లేని కుర్రాడే, మళ్లీ తిట్టే తండ్రే. తెలుగులో ఆ తండ్రి వేషం చంద్రమోహన్ వేశారు. కొడుక్కి ఉద్యోగం వచ్చిన రోజు మొహం మీద చిన్న మెచ్చుకోలు కూడా లేదు. రాత్రి కొడుకు నిద్రపోయాడనుకుని భార్య దగ్గర గొంతు పూడుకుపోయి మాట్లాడతాడు. పక్కగదిలో కొడుకు వింటూంటాడు. ప్రేమకథ మర్చిపోయినవాళ్లు కూడా ఆ దృశ్యం మర్చిపోలేదు. తెలుగు తండ్రి పొగడ్త ఎప్పుడూ మూడో మనిషికే చెబుతాడు, వినవలసినవాడికి చెప్పడు. ఆ ఒక్క దృశ్యంలో మన నాన్నలందరూ ఉన్నారు.

2006 ఆగస్టులో 'బొమ్మరిల్లు'. భాస్కర్‌కి మొదటి సినిమా, నిర్మాత దిల్ రాజు. ఇందులో తండ్రి ప్రకాష్‌రాజ్ తిట్టడు, కొట్టడు, గెంటడు. ప్రేమిస్తాడు. కొడుకు వేసుకునే చొక్కా దగ్గర్నుంచి చేసుకునే పిల్ల దాకా ఆ ప్రేమతోనే తనే ఎంచుతాడు. 'బాయ్స్'లో మున్నా, హారిణి ఇల్లు వదిలిపోయారు. ఇక్కడ అదే సిద్ధార్థ్, అదే జెనీలియా ఇల్లు వదలరు. ఆ అమ్మాయే వారం రోజులు ఆ ఇంటికి వచ్చి ఉంటుంది. చివర్లో కొడుకు తండ్రి ముందు నిలబడి ఇన్నాళ్లు తనేం పోగొట్టుకున్నాడో ఒక్కొక్కటీ చెబుతాడు. తండ్రి వింటాడు. నా లెక్కలో 'బాయ్స్'కి అసలు రెండో భాగం ఇదే. మొదటి సినిమాలో తలుపు విసురుగా వేసి వెళ్లిపోయిన కుర్రాడు, మూడేళ్ల తర్వాత వెనక్కి వచ్చి నాన్న ఎదురుగా కూర్చున్నట్టుంటుంది. ఇంకో తమాషా. 2008లో 'బొమ్మరిల్లు' తమిళంలోకి 'సంతోష్ సుబ్రమణియం'గా వెళ్లింది. హీరో జయం రవి. హాసిని మళ్లీ జెనీలియాయే, తండ్రి మళ్లీ ప్రకాష్‌రాజే. చెన్నైలో మొదలైన గొడవని మనం సర్దుబాటు చేసి తిరిగి చెన్నైకే పంపించామన్నమాట. 'హ్యాపీ డేస్' కూడా 'ఇనిదు ఇనిదు'గా 2010లో అటు వెళ్లింది.

ఇప్పుడు ఒమన్ సంగతి చెబుతానన్నాను కదా.

అమెరికాలో ఉన్న మన బంధువులకి పిల్లలు పద్దెనిమిదేళ్లకి కాలేజీకి పోయినా అదే దేశంలో ఉంటారు. మన పరిస్థితి వేరు. ఇక్కడి ఇండియన్ స్కూళ్లలో సీబీఎస్ఈ పన్నెండో తరగతి పరీక్ష రాయగానే చాలామంది పిల్లలు సామాను సర్దుకోవాలి. హైదరాబాదో, చెన్నయో, విజయవాడో, లేదా ఇంకా దూరమో. దార్‌సైత్‌లోనో వాదీ కబీర్‌లోనో ఫ్లాటులో, అమ్మ టిఫిను కట్టి స్కూలు బస్సెక్కించిన పిల్లాడు రెండు నెలల్లో హాస్టల్ గదిలో ఉంటాడు. ఊళ్లో అమ్మమ్మగారింట్లో నెలరోజుల సెలవులు తప్ప ఇండియా ఎరగడు. అంటే 'బాయ్స్'లో కుర్రాళ్లు ఇల్లు వదిలిన వయసుకే మన పిల్లలు ఇల్లు వదులుతారు. వాళ్లని గెంటితే వెళ్లారు, వీళ్లని మనమే విమానం ఎక్కించి పంపుతాం, అంతే తేడా.

ఆ తర్వాత మన తండ్రుల సంభాషణ ఎలా ఉంటుంది? మనకంటే ఇండియా గంటన్నర ముందు. ఆఫీసు నుంచి వచ్చి, తిని, ఫోను తీసేసరికి ఇక్కడ తొమ్మిదిన్నర, అక్కడ పదకొండు. "తిన్నావా, డబ్బులున్నాయా, ఇంటర్నల్స్‌లో ఎన్నొచ్చాయి, సరే అమ్మకిస్తున్నా." ఒక నిమిషం కూడా పట్టదు. మిగతా ముప్పావుగంట అమ్మతో. నేను చూసిన ఇళ్లలో సగం ఇంతే. కొడుకు ఎవరితో తిరుగుతున్నాడో, ఎందుకు బరువు తగ్గాడో, ఆ పిల్ల ఎవరో అన్నీ అమ్మకి తెలుస్తాయి, తండ్రికి చివర తెలుస్తాయి. గల్ఫ్ తండ్రి సంపాదన అంతా ఆ కొడుకు ఫీజుకే, కాని ఆ మాట కూడా ఆ కొడుకుతో అనడు. చంద్రమోహన్‌లాగా పక్కగదిలో అంటాడు.

ఈ మాటే ఒక శుక్రవారం మధ్యాహ్నం ఘుబ్రాలో మిత్రుల ఇంట్లో భోజనాల దగ్గర వచ్చింది. ఒకాయన, "అయితే పిల్లలతో కూర్చుని ఆ బూతు సినిమా చూడమంటారా గురువుగారూ?" అన్నారు. అందరూ నవ్వారు. అప్పుడు ఒక అక్క, ఇద్దరు ఆడపిల్లల తల్లి, చేతిలో గిన్నె కింద పెట్టి అన్న మాట నవ్వు ఆపేసింది. "మీ మగపిల్లల గోడు సరే అన్నయ్యా, ఆ సినిమా అంతా ఆడపిల్లని వాళ్లు చూసే చూపే కదా. హారిణికి ఏం కావాలో ఎవరైనా అడిగారా?" నిజం ఒప్పుకోవాలి. ఆ సినిమాలో అమ్మాయిల వెంటపడటం, బస్సులో అల్లరి, ఎక్కడ చూసినా ఆడవాళ్ల ఒంటి మీదే కన్ను... ఇవన్నీ వయసు తెచ్చిన సరదాలుగా చూపిస్తారు. అవతలివాళ్లకి అవి సరదా కాదు. హాసిని పాత్రకి సొంత నోరు, సొంత ఇష్టాయిష్టాలు వచ్చాయి గాని, ఆమె అవసరం కూడా చివరికి హీరో ఇల్లు బాగుపడటానికే. ఆడపిల్లల వైపునుంచి ఇలాంటి కథ చెప్పే సరదా సినిమా కావాలంటే ఆ రెండు భాషలూ ఇంకా బాకీ ఉన్నాయి. వారసత్వం అంటే ఆస్తితోపాటు అప్పులు కూడా వస్తాయి మరి.

ఒక మంచి దృశ్యం మాత్రం వదలకూడదు. ఇల్లు వదిలిన కుర్రాళ్లు ఆకలితో ఉన్నప్పుడు సెంథిల్ వేసిన బిచ్చగాడు తగులుతాడు. ఏ గుడిలో ఏ రోజు ఏ ప్రసాదం ఎన్ని గంటలకి పెడతారో అతనికి కంఠస్థం. సమాచారమే సంపద అని ఇంగ్లీషులో పాఠం చెబుతాడు. తమిళులు ఇప్పటికీ ఆ మాట వాడుకుంటారు. నవ్వులాటే గాని, కొత్తగా గల్ఫ్‌లో దిగిన బ్రహ్మచారికి అంతకన్నా పనికొచ్చే మాట లేదు. ఏ మెస్సులో పప్పు బాగుంటుంది, ఏ కొట్లో గోంగూర ఏ రోజు వస్తుంది, సలాలాకి పొద్దున్న బస్సు ఎన్నింటికి... ఇవి చెప్పే సెంథిల్ ఒకడు రువీలో ప్రతి మెస్సులోనూ ఉంటాడు. మన పిల్లలు హాస్టల్లో దిగిన మొదటి నెలలో వెతుక్కునేది కూడా అలాంటివాణ్ణే.

ఆ రోజు ఘుబ్రాలో వాదన తేలకుండానే టీలు వచ్చాయి. చివరికి కుదిరిన ఒప్పందం ఇది: వేసవి సెలవులకి పిల్లలు వచ్చినప్పుడు ముందు '7/జి', తర్వాత 'బొమ్మరిల్లు', తండ్రులు తప్పనిసరిగా కూర్చోవాలి, ఫోను పక్కన పెట్టి. 'బాయ్స్' పిల్లల ఇష్టం. వాళ్లు ఎప్పుడో చూసేసి ఉంటారని ఆ అక్క వాళ్ల పెద్దమ్మాయి వంటింట్లోంచి అరిచి చెప్పింది.